ఒక్క క్లారినెట్, చుట్టూ కొద్దిమంది

1924 ఫిబ్రవరి 12న న్యూయార్క్‌లోని ఇయోలియన్ హాల్లో ఒక క్లారినెట్ కింది స్వరం దగ్గర వణుకుతూ మొదలై, ఒకే ఒక్క జారుతో పై స్థాయికి ఎక్కింది. జార్జ్ గెర్ష్విన్ రాసిన 'రాప్సొడీ ఇన్ బ్లూ' తొలి ప్రదర్శన అది. ఆయన కాగితం మీద రాసింది విడివిడిగా పలికే 17 స్వరాల వరుస. పాల్ వైట్‌మన్ బృందంలో క్లారినెట్ వాయించే రాస్ గోర్మన్ రిహార్సల్‌లో ఆ వరుసను జారుగా మార్చి ఊదాడు. గెర్ష్విన్‌కు నచ్చింది, అలాగే వాయించమన్నాడు. నూరేళ్లు దాటినా ఆ రచన ఎక్కడ వినిపించినా జనం మొదట గుర్తుపట్టేది ఆ జారునే.

పలమనేరు వాళ్లకు ఆ జారు కొత్త కాదు. ఇక్కడ పెళ్లి మెరవణిలో, గంగమ్మ జాతరలో బ్యాండు మేళం కదిలితే పాటను ముందుండి నడిపించేది తరచుగా క్లారినెట్టే. సినిమా పాట పల్లవి ఎత్తుకునేటప్పుడు వాయించే మనిషి ఒక స్వరం నుంచి ఇంకో స్వరానికి ఎలా జారతాడో మన చెవులకు బాగా అలవాటే. అందుకే పాశ్చాత్య దేశాల ఆధునిక ఛాంబర్ ఆర్కెస్ట్రాల్లో క్లారినెట్ సోలో గురించి ఇక్కడి పాఠకులకు చెప్పడం సులువనే నా నమ్మకం. ఆ సంగీతం పేర్లు దూరంగా అనిపించవచ్చు. దాన్ని ఆస్వాదించడానికి కావలసిన చెవి మాత్రం సన్నాయి, డోలు, బ్యాండు వింటూ పెరిగిన వాళ్లకు ముందే ఉంది. ఏం వినాలో, ఎక్కడ వినాలో తెలిస్తే చాలు.

సా నుంచి పా దాకా

క్లారినెట్‌ను 1700 ప్రాంతంలో జర్మనీలోని న్యూరెంబర్గ్‌లో యోహాన్ క్రిస్టోఫ్ డెన్నర్ అనే వాద్యాల తయారీదారు రూపొందించాడని సంగీత చరిత్రకారులు చెబుతారు. ఇప్పుడు మనం చూసే మీటల అమరికకు 1840 ప్రాంతంలో పారిస్‌లో రూపం వచ్చింది. మంచి వాద్యాలను ఆఫ్రికాలో పెరిగే ఒక నల్లని, చాలా బరువైన కర్రతో చేస్తారు. పొడవు రెండడుగుల పైచిలుకు.

బ్యాండు మేళం బయల్దేరే ముందు ఆ కళాకారుణ్ణి కాసేపు గమనించండి. పెట్టె తెరిచి అయిదు ముక్కలు బయటికి తీస్తాడు: నోటి ముక్క, దాని కింద పొట్టి గొట్టం, పై భాగం, కింది భాగం, చివర గంట ఆకారంలో విచ్చుకున్న ముక్క. వాటిని ఒకదాన్లో ఒకటి తిప్పి బిగిస్తాడు. రెల్లు జాతి గడ్డి కాడ నుంచి చెక్కిన పల్చని రీడును నోట్లో పెట్టుకుని తడుపుతాడు. అది ఎండి ఉంటే పలకదు. తడిసిన రీడును నోటి ముక్కకు ఆనించి బిగించి, కింది పెదవిని పళ్ల మీదికి మడిచి, ఆ పెదవి మీద రీడును ఆనించి ఊదుతాడు. నాదస్వరానికి రెండు రేకులు కలిసిన పీక ఉంటుంది, క్లారినెట్‌కు ఉండేది ఒకే ఒక్క రీడు. పలమనేరు చలి తెలిసిందే. ధనుర్మాసం తెల్లవారుజామున చల్లబడిన క్లారినెట్ శ్రుతి కిందికి దిగుతుంది. అందుకే అనుభవం ఉన్నవాడు పాట ఎత్తుకునే ముందు వాద్యంలోకి ఊది ఊది దాన్ని వెచ్చబరుస్తాడు.

ఈ వాద్యం గుణమంతా దాని గొట్టం ఆకారంలో ఉంది. నాదస్వరం గొట్టం పైన సన్నగా మొదలై కిందికి వెడల్పవుతుంది. క్లారినెట్ గొట్టం చాలా మేరకు ఒకే వెడల్పులో ఉండి, నోటివైపు మూసుకున్నట్టు పనిచేస్తుంది. వేణువు మీద, నాదస్వరం మీద వేళ్లు కదపకుండా ఊపిరి ఒత్తిడి పెంచితే సా పై స్థాయి సా అవుతుంది. క్లారినెట్ మీద ఎడమచేతి బొటనవేలితో ఒక మీట నొక్కితే మంద్ర సా ఒక్కసారిగా మధ్య స్థాయి పా దాకా గెంతుతుంది. అంటే కింది స్థాయిలో సరిగమలకు వేసే వేళ్లు పై స్థాయిలో వేరే స్వరాలకు పడతాయి. నేర్చుకునే వాళ్లకు ఇది కష్టం. రచయితలకు మాత్రం ఇదొక వరం, ఎందుకంటే ఒకే వాద్యంలో మూడు గొంతులు దొరుకుతాయి. కింద లోతైన, నల్లని గొంతు. మధ్యలో తేటగా, నిండుగా పాడే గొంతు. పైన పదునుగా, ఒక్కోసారి కేకలా పలికే గొంతు. మూడు స్థాయిలు దాటి సాగే ఈ వాద్యం ఒక్క వాక్యంలో మూడు గొంతులూ మార్చగలదు.

ఇంకో గుణం కూడా చెప్పాలి. నిశ్శబ్దంలోంచి స్వరాన్ని ఎప్పుడు మొదలైందో తెలియకుండా పుట్టించడంలో ఊదే వాద్యాల్లో క్లారినెట్‌కు సాటి లేదు. పైగా ఏడు రంధ్రాలను వేళ్లతో నేరుగా మూస్తారు కాబట్టి వేలిని మెల్లగా పక్కకు లాగి, పెదవి పట్టు సడలించి స్వరాన్ని వంచవచ్చు. గోర్మన్ జారుకూ, మన గమకానికీ దారి ఇచ్చింది ఆ రంధ్రాలే.

కార్వేటినగరం పదాలు, తంజావూరు మేళం

క్లారినెట్ దక్షిణాదికి ఇంగ్లీషు సైనిక బ్యాండ్లతోనూ, సంస్థానాల బ్యాండ్లతోనూ వచ్చింది. 19వ శతాబ్దంలో అది తంజావూరు నాట్య మేళంలోకి, అంటే చిన్న మేళంలోకి ప్రవేశించి ముఖవీణ అనే ఊదే వాద్యం స్థానాన్ని తీసుకుంది. ఈ మార్పుకు మహాదేవ నట్టువనార్ పేరు చెబుతారు. ఆ మేళంలో నర్తకి అభినయించిన పదాల్లో ఎక్కువ భాగం తెలుగువే. క్షేత్రయ్య పదాలతో పాటు మన చిత్తూరు జిల్లా కార్వేటినగరం సంస్థానానికి చెందిన సారంగపాణి పదాలూ అందులో ఉన్నాయి. పదం నిదానంగా నడుస్తుంది. ఒక మాట మీద నర్తకి పదే పదే కొత్త భావం చూపుతుంటే, గాయని వెనక ఆ స్వరాన్ని తెగకుండా పట్టి నిలపాలి. ఆ పనికి క్లారినెట్ చక్కగా కుదిరింది. బాలసరస్వతి వంటి మహా నర్తకి మేళంలోనూ క్లారినెట్ ఉండేది.

పక్కవాద్యంగా ఉన్న క్లారినెట్‌ను కచేరీ వేదిక మీద ప్రధాన వాద్యంగా నిలబెట్టిన వారిలో తిరుచ్చికి చెందిన ఎ.కె.సి. నటరాజన్ ముఖ్యులు. 1931లో పుట్టిన ఆయన నాదస్వరం నేర్చుకుని, ఆ బాణీని క్లారినెట్ మీదికి తెచ్చారు. 2008లో మద్రాసు మ్యూజిక్ అకాడమీ ఆయనకు సంగీత కళానిధి ఇచ్చింది, 2022లో పద్మశ్రీ వచ్చింది. పాశ్చాత్య వాద్యం మీద రాగాలాపన పూర్తి స్థాయిలో సాధ్యమేనని ఆయన కచేరీలు రుజువు చేశాయి.

తెలుగు పల్లెల్లో, చిన్న పట్నాల్లో మాత్రం క్లారినెట్ ఎక్కువగా బ్యాండు మేళంలోనే బతికింది. అక్కడ దానికి ట్రంపెట్లు, డ్రమ్ములు పోటీ. పలమనేరు వీధిలో మెరవణి వెళ్తుంటే పాట మొత్తం క్లారినెట్ మీదే నడుస్తున్నా, ఆ కింది గొంతు లోతు, ఆ సన్నని జారు డ్రమ్ముల మోతలో మునిగిపోతాయి. వాయించేవాడి చేతిలో విద్య ఉంది, అది వినిపించే చోటే లేదు. ఛాంబర్ ఆర్కెస్ట్రా ఈ వాద్యానికి ఇచ్చింది సరిగ్గా ఆ చోటునే.

ఛాంబర్ ఆర్కెస్ట్రా ఎందుకు పుట్టింది

పెద్ద సింఫనీ ఆర్కెస్ట్రాలో 80 నుంచి 100 మంది దాకా ఉంటారు. ఛాంబర్ ఆర్కెస్ట్రాలో సుమారు 15 నుంచి 40 మంది. తేడా లెక్కలోనే ఉందనుకుంటే పొరపాటు. పెళ్లి పందిట్లో మైకు పట్టుకుని చెప్పే మాటకూ, అరుగు మీద నలుగురు కూర్చుని చెప్పుకునే మాటకూ ఎంత తేడానో ఇక్కడా అంతే. నలుగురిలో ఎవరు ఏమన్నారో తెలుస్తుంది, ఒకరు ఊపిరి తీసుకున్నా వినిపిస్తుంది.

19వ శతాబ్దం చివరికి యూరప్‌లో ఆర్కెస్ట్రాలు అంతకంతకూ పెరిగిపోయాయి. దానికి ఎదురుగా ఆర్నల్డ్ షోన్‌బర్గ్ 1906లో 15 వాద్యాలతో మొదటి ఛాంబర్ సింఫనీ రాశాడు. ఆ పదిహేనింటిలో మూడు క్లారినెట్ కుటుంబానివే: ఒకటి పొట్టిది, ఒకటి మామూలుది, ఒకటి మంద్రంలో పలికే బాస్ క్లారినెట్. గుంపులో దాక్కోవడానికి ఎవరికీ చోటు లేదు, ప్రతి ఒక్కరూ ఒక విధంగా సోలో వాద్యకారులే. 1912లో ఆయనే రాసిన 'పియెరో లునేర్'లో గాయని వెనక వేణువు, క్లారినెట్, వయొలిన్, చెల్లో, పియానో ఉంటాయి. ఆ కూర్పు తర్వాతి రచయితలకు నమూనాగా నిలిచిపోయింది. ఆధునిక సంగీతంలో క్లారినెట్‌కు అంత పెద్ద పీట పడడానికి ఈ చిన్న బృందాలే పునాది.

డ్రమ్ముతో తగువు: నీల్సన్

బ్యాండు మేళం విన్నవాళ్లు మొట్టమొదట వినవలసింది డెన్మార్క్ రచయిత కార్ల్ నీల్సన్ 1928లో రాసిన క్లారినెట్ కన్చెర్టో. కన్చెర్టో అంటే ఒక ప్రధాన వాద్యమూ, దానికి ఎదురుగా ఒక బృందమూ ఉండే రచన. నీల్సన్ ఎంచుకున్న బృందం చాలా చిన్నది: తంత్రీ వాద్యాలు, రెండు బసూన్లు, రెండు హార్న్‌లు, ఒక సైడ్ డ్రమ్ము. ట్రంపెట్లు లేవు, వేణువులు లేవు. ఆ సైడ్ డ్రమ్ము మన బ్యాండు సెట్లలో మెడకు తగిలించుకుని పుల్లలతో వాయించే రకమే.

కింది తంత్రులు ఒక మామూలు బాణీతో మొదలుపెడతాయి. క్లారినెట్ వచ్చి ఆ బాణీని అందుకుంటుంది. కాసేపటికే డ్రమ్ము అడ్డు తగులుతుంది. తాళం వేసి ఊరుకోదు, రెచ్చగొడుతుంది. క్లారినెట్ పై గొంతులో అరుస్తుంది, కిందికి దూకి గొణుగుతుంది, ఉన్నట్టుండి మెత్తబడి పాడుతుంది. మళ్లీ డ్రమ్ము. ఆగకుండా సాగే ఈ 25 నిమిషాల రచనలో ఒక మనిషి స్వభావమంతా కనబడుతుంది. నీల్సన్ దీన్ని ఓగె ఓక్సన్‌వాడ్ అనే వాద్యకారుడి కోసం రాశాడు. మృదుత్వమూ కోపమూ వెంటవెంటనే మారే ఈ సంగీతంలో ఆ కళాకారుడి స్వభావమే ఉందని చాలామంది రాశారు.

కర్ణాటక సంగీతం తెలిసిన వాళ్లకు ఇక్కడ ఒక ఇబ్బంది ఎదురవుతుంది. మనకు శ్రుతి ఒకటే, కచేరీ మొదలైన దగ్గర నుంచి మంగళం దాకా సా మారదు. నీల్సన్ దగ్గర ఆధార స్వరం కదిలిపోతూ ఉంటుంది. అర మెట్టు తేడా ఉన్న రెండు ఆధార స్వరాలు ఎఫ్, ఇ రచన పొడవునా పెనుగులాడతాయి. శ్రుతి తప్పిందనిపించే చోట చెవి మూసుకోకండి. ఆ పెనుగులాటే కథ. చివర్లో డ్రమ్ము సద్దుమణిగి, సంగీతం ఎఫ్ మీద నెమ్మదించినప్పుడు కలిగే ఊరట, అంతసేపూ ఆ ఒత్తిడి భరించినవాళ్లకే తెలుస్తుంది.

డ్రమ్ము లేకుండా లయ: కోప్లండ్

అమెరికా రచయిత ఆరన్ కోప్లండ్‌ను 1947లో జాజ్ క్లారినెట్ దిగ్గజం బెన్నీ గుడ్‌మన్ ఒక కన్చెర్టో రాయమని అడిగాడు. 1948లో పూర్తయిన ఆ రచనను గుడ్‌మన్ 1950 నవంబర్ 6న రేడియోలో మొదటిసారి వాయించాడు. బృందం తంత్రీ వాద్యాలు, హార్ప్, పియానో మాత్రమే. మొత్తం 17 నిమిషాల చిల్లర.

మొదటి సగం చాలా నిదానం. హార్ప్, కింది తంత్రులు ఒక్కో మాత్రను మెల్లగా మీటుతుంటే, క్లారినెట్ మధ్య గొంతులో పెద్ద పెద్ద అంతరాలు దాటుతూ పాడుతుంది. ఒక స్వరం నుంచి అంత దూరపు స్వరానికి వెళ్లేటప్పుడు మధ్యలో ఎక్కడా గరుకు వినిపించకూడదు. పలమనేరు శ్రోత ఇక్కడ ఊపిరి మీద చెవి పెట్టాలి. వాయించేవాడు ఎక్కడ గాలి పీల్చుకున్నాడో తెలియనివ్వకపోవడమే ఆ భాగంలో అసలు విద్య.

తర్వాత ఆర్కెస్ట్రా పూర్తిగా ఆగిపోతుంది. క్లారినెట్ ఒక్కటే మిగులుతుంది. దీన్ని కాడెంజా అంటారు. మన ఆలాపనతో పోల్చాలనిపిస్తుంది, కానీ ఒక ముఖ్యమైన తేడా ఉంది. ఆలాపన అప్పటికప్పుడు మనోధర్మంలోంచి పుడుతుంది. కోప్లండ్ కాడెంజా ఆసాంతం కాగితం మీద రాసినది. అయినా అది అప్పుడే తట్టినట్టు వినిపించాలి. మెల్లగా మొదలై, వేగం పుంజుకుని, రాబోయే రెండో భాగంలోని బాణీల తునకలను ముందే విసురుతూ, వాద్యం మూడు గొంతులనూ చూపిస్తుంది. ఒంటరి వాద్యం రెండు లోకాల మధ్య వంతెన వేసి, మనల్ని ఇటు నుంచి అటు దాటిస్తుంది.

రెండో సగం జాజ్ ఊపు. ఇందులో డ్రమ్ములు లేవు. ఆ లోటును కోప్లండ్ పెద్ద బాస్ తంత్రులను కొట్టించి, హార్ప్‌ను గట్టిగా మీటించి తీర్చాడు. బ్రెజిల్‌లో ఉన్నప్పుడు విన్న ఒక జనప్రియ బాణీ తునకను కూడా ఇందులో కలిపాడు. చివరికి క్లారినెట్ కింది నుంచి పైకి ఒక్క జారుతో వెళ్లి రచనను ముగిస్తుంది. అది రాస్ గోర్మన్ తెరిచిన దారే.

చుట్టూ ఎవరూ లేనప్పుడు: మెస్సియాన్

కొద్దిమందిని కూడా తీసేసి, క్లారినెట్‌ను నిజంగా ఒంటరిగా నిలబెడితే ఏమవుతుంది? రెండో ప్రపంచ యుద్ధంలో జర్మన్లకు చిక్కిన ఫ్రెంచి రచయిత ఒలివియే మెస్సియాన్‌ను గోర్లిట్స్‌లోని ఖైదీల శిబిరంలో ఉంచారు. అక్కడే క్లారినెట్ వాయించే ఆన్రి అకోకా, ఒక వయొలిన్ వాద్యకారుడు, ఒక చెల్లో వాద్యకారుడు ఖైదీలుగా ఉన్నారు. వాళ్ల కోసం, పియానో ముందు కూర్చునే తన కోసం మెస్సియాన్ 'కాలాంతానికి చతుష్టయం' రాశాడు. 1941 జనవరి 15న, గడ్డకట్టే చలిలో, తోటి ఖైదీల ముందు ఆ నలుగురూ దాన్ని వాయించారు.

ఎనిమిది భాగాల ఆ రచనలో మూడో భాగం క్లారినెట్‌కు మాత్రమే. పేరు 'పక్షుల అగాధం'. అందులో ఒక చోట వాద్యకారుడు ఒకే స్వరాన్ని వినీ వినిపించనంత సన్నగా మొదలుపెట్టి, వాద్యం తట్టుకోగలిగిన గరిష్ఠ స్థాయి దాకా పెంచుతూ పోతాడు. రాగం మారదు, తాళం లేదు, పెరిగేది నాదం ఒక్కటే. ఆ స్వరం విరిగిపోయిన చోట పక్షి కూతలు ఎగిరిపడతాయి. కాలానికి కట్టుబడిన దుఃఖానికి ఎదురుగా స్వేచ్ఛగా పలికే పిట్టలను మెస్సియాన్ అక్కడ నిలబెట్టాడు. ముందు చెప్పిన గుణం, నిశ్శబ్దంలోంచి స్వరాన్ని పుట్టించగలగడం, ఇక్కడ ప్రాణం పోసుకుంటుంది. మరే వాద్యానికి రాసినా ఈ భాగం ఇంతగా కుదిరేది కాదు.

ఆ తర్వాతి తరాలు ఇంకా ముందుకు వెళ్లాయి. 1985లో పియెర్ బులెజ్ వేదిక మీది క్లారినెట్‌కు, స్పీకర్లలోంచి వచ్చే రికార్డు చేసిన క్లారినెట్‌కు మధ్య సంభాషణ రాశాడు. 1998లో స్వీడన్ రచయిత అండర్స్ హిల్‌బోర్గ్ 'పీకాక్ టేల్స్' రాస్తే, మార్టిన్ ఫ్రోస్ట్ ముసుగు ధరించి, ఆడుతూ, అభినయిస్తూ క్లారినెట్ వాయించాడు. చిన్న మేళంలో నర్తకి వెనక నిలబడ్డ వాద్యం గుర్తున్న మనకు ఈ నెమలి ఆట పరాయిదిగా అనిపించదు. అక్కడ వాద్యకారుడే నర్తకుడు కూడా అయ్యాడు.

మనకు అందుబాటులో ఉన్నది

ఈ రచనలన్నీ ఇప్పుడు ఫోనులోనే దొరుకుతాయి. మొదట నీల్సన్ వినండి, తర్వాత కోప్లండ్, ఆ తర్వాత మెస్సియాన్. ఫోను స్పీకరు కాకుండా చెవిలో పెట్టుకునే ఇయర్‌ఫోన్లు వాడండి, లేకపోతే కింది గొంతు సగం పోతుంది. మొదటిసారి క్లారినెట్ ఒక్కదాన్నే వెంబడించండి. రెండోసారి అది ఆగినప్పుడు మిగతావాళ్లు ఏం చేస్తున్నారో వినండి. ఆ రెండోసారే ఛాంబర్ ఆర్కెస్ట్రా అసలు రుచి తెలుస్తుంది, ఎందుకంటే సోలో అందం సగం చుట్టూ ఉన్నవాళ్లు తగ్గి చోటివ్వడంలోనే ఉంది.

అక్కడితో ఆగితే చాలదని నా అభిప్రాయం. మన రాగాలతో చిన్న ఆర్కెస్ట్రా నడపడం తెలుగువాళ్లకు తెలియని పని కాదు. ద్రాక్షారామంలో పుట్టిన వీణా విద్వాంసులు ఈమని శంకరశాస్త్రి ఢిల్లీ ఆకాశవాణి వాద్యబృందానికి సంగీతం కూర్చి, దాన్ని నడిపించారు. ఎవరెస్టు అధిరోహణను వాద్యాలతోనే చెప్పే రచన చేశారు. ఆ పని ఈ ప్రాంతంలో మళ్లీ చేయవచ్చు. తిరుపతిలో 1959 నుంచి శ్రీ వేంకటేశ్వర సంగీత నృత్య కళాశాల ఉంది, వయొలిన్ నేర్చుకునే పిల్లలు ఉన్నారు. సారంగపాణి పదాలు ఉన్నాయి. మన ఊళ్ల బ్యాండు మేళాల్లో క్లారినెట్ చేతపట్టి సంసారం ఈదుతున్న కళాకారులు ఉన్నారు. ఒక పదం తీసుకుని, పల్లవిని క్లారినెట్‌కు ఇచ్చి, పది వయొలిన్లు ఆధారంగా నిలిచి, ఒక మృదంగం తగ్గి వాయిస్తే అది మన భాషలో పుట్టిన ఛాంబర్ సంగీతం అవుతుంది.

అంత పెద్ద ప్రయత్నం కుదిరే లోపు ప్రతి ఇంటివాళ్లూ చేయగలిగిన చిన్న పని ఒకటుంది. పెళ్లికి బ్యాండు మాట్లాడుకునేటప్పుడు మెరవణికి ఎన్ని గంటలు, ఎన్ని పాటలు అని మాత్రమే కాకుండా, భోజనాలయ్యాక డ్రమ్ములు పక్కన పెట్టి క్లారినెట్ ఒక్కటే పది నిమిషాలు వాయించాలని కూడా మాట్లాడుకోండి. శ్రుతికి ఒక ఫోను చాలు. రాగం ఆయన ఇష్టానికే వదిలేయండి. దానికి విడిగా సంభావన ఇవ్వండి, ఆయన పేరు చెప్పి సభకు పరిచయం చేయండి. తనను కూర్చుని వినేవాళ్లు ఉన్నారని తెలిసిన కళాకారుడు మర్నాటి నుంచి సాధన పెంచుతాడు, తన పిల్లలకు నేర్పుతాడు. నీల్సన్‌కు ఓక్సన్‌వాడ్, కోప్లండ్‌కు గుడ్‌మన్, మెస్సియాన్‌కు అకోకా దొరికారు కాబట్టే ఆ రచనలు పుట్టాయి. వాయించేవాణ్ణి ముందు గుర్తించిన చోటే రాసేవాడూ పుడతాడు.